పద్నాలుగో ఏటి గండం

కిందటి వారం వీబ్కెని నాటకశాల అధిపతి గది బయట బెంచీ మీద కూర్చోబెట్టి వచ్చాం. ఇంకా అక్కడే ఉంది. చేతులు ఒళ్లో పెట్టుకుని, ఎదురు గోడకి వేలాడే పాత అధిపతుల ఫోటోలు చూస్తోంది. పక్కన నేను. లోపల్నించి పిలుపు రాలేదు.

మధ్యలో చేరినవాళ్ల కోసం నాలుగు ముక్కలు చెబుతాను, తెలిసినవాళ్లు ఓపిక పట్టాలి. వీబ్కె థీసెన్ ఉత్తర సముద్రపు ఒడ్డున రొయ్యల పడవ మీద బతికే ఇంట్లో పుట్టింది. మా బ్రూకెన్‌స్టెట్ నగర నాటకశాలలో ఆమెకిది పద్నాలుగో ఏడు. నేను గెర్లిండె పౌలీని. అదే నాటకశాలలో గయ్యాళి అత్తలూ, మంత్రసానులూ, నోటి దురుసు వంటమనుషులూ నా వంతు. పాత్రలకీ నాకూ పెద్ద తేడా లేదని మా వాళ్లంటారు. అందుకేనేమో నటులందరూ కలిసి నన్ను తమ ప్రతినిధిగా ఎన్నుకున్నారు. ఎవరినైనా అధిపతి పిలిపిస్తే తోడుగా వెళ్లి కూర్చోవడం నా పని.

మా వృత్తిలో ఒప్పందం ఏడాదికే. అక్టోబరు నెలాఖరులోగా అధిపతి 'వద్దు' అనకపోతే మరో ఏడాది దానంతటదే సాగుతుంది. అలా ఒకేచోట పదిహేనేళ్లు నిండితే ఇక ఏ అధిపతీ కదిలించలేడు, ముసలితనం వచ్చేదాకా ఆ గడప మనదే. ఈ నియమం పెట్టినవాళ్లు మంచికే పెట్టారు. కానీ దానివల్ల ఏమైందంటే, పద్నాలుగో ఏడు రాగానే 'ఇప్పుడు వదిలించుకోకపోతే జన్మలో వదలదు' అని ప్రతి అధిపతికీ గుబులు పట్టుకుంటుంది. పిల్లలకి బాలారిష్టాల్లాగా మాకు పద్నాలుగో ఏడు. అది దాటితే గట్టెక్కినట్టే. దాటనివాళ్లని నేను చాలామందిని చూశాను. వయసు మీరాక సామాన్లు సర్దుకుని, ఊరూరా తిరిగి, పాతికేళ్ల దర్శకుల ముందు నిలబడి 'నాకూ ఏదైనా పాత్ర ఇవ్వండి' అని అడిగినవాళ్లు వాళ్లు.

'వద్దు' అనే ముందు అధిపతి నటుణ్ణి పిలిచి, కారణం చెప్పి, అతను చెప్పేది వినాలి. దీన్ని మేం ఆలకింపు అంటాం. పేరే గానీ, ఇన్నేళ్లలో ఆలకించిన అధిపతిని నేను ఒక్కణ్ణీ చూడలేదు.

వీబ్కెకి ఇంకో జీవితం కూడా ఉంది. తొమ్మిదేళ్లుగా గురువారం సాయంత్రాలు టీవీలో ఆమె ఎల్కే. ఫెర్రీ నడిపే కెప్టెన్ పెళ్లాం. భర్తని దెబ్బలాడుతూ, పక్కింటి వాళ్ల గొడవలు తీరుస్తూ, చేపలు వేయిస్తూ దేశమంతటికీ వదినగారైపోయింది. వసంతకాలంలో మేం రాణి నాటకం వేశాం. రాణి తల నరికించుకోవడానికి తెల్లబట్టల్లో మెట్లు దిగుతోంది. హాలంతా ఊపిరి బిగబట్టింది. అప్పుడు పైబాల్కనీలోంచి ఒక ముసలాయన, "ఎల్కే, తొందరగా! పడవ వెళ్లిపోతోంది!" అని కేకేశాడు. ఎనిమిది వందల మంది గొల్లున నవ్వారు. ఆ నవ్వులోనే వీబ్కె మిగిలిన మెట్లూ దిగింది. తెర పడ్డాక ఏడవలేదు, తిట్టలేదు. ఆ రాత్రి అధిపతి ఆమె భుజం మీద చెయ్యేసి, "రెండు పడవల మీద కాళ్లు పెట్టి ఎంతకాలం నిలబడతావు? ఒకటి ఎంచుకో. ఇది ఎంచుకుంటే ఇక్కడ నీ చోటు నీదే" అన్నాడు.

ఆమె ఎంచుకుంది. సెప్టెంబరులో ఆ సీరియల్ నిర్మాత డీర్క్ జాండర్ దగ్గరికి వెళ్లి, నన్ను వదిలెయ్ అని అడిగింది. డీర్క్ కళ్లనీళ్లు పెట్టుకున్నాడట. బతిమాలాడట. చివరికి సరేనని, ఆమె ఆఖరి భాగం ప్రసారమయ్యేదాకా ఎవరికీ చెప్పనని మాట తీసుకున్నాడు. అక్టోబరు మొదట్లో రేవులో, చలినీళ్లలో, ఎల్కే మునిగిపోయింది. అది టీవీలో వచ్చేది నవంబరులో. ఈ సంగతి తెలిసినదాన్ని మా నాటకశాలలో నేనొక్కదాన్నే. అదీ ఆమెకి జలుబు చేసి జ్వరం ముదిరితే, ఎందుకని నేను నిలదీస్తే చెప్పింది.

ఇక కథలోకి వద్దాం.

పొద్దున క్యాంటీన్లో బఠాణీ సూప్ కుండ పొయ్యి మీదికి ఎక్కకముందే అందరికీ తెలిసిపోయింది, వీబ్కెకి పిలుపొచ్చిందని. మా వాళ్లు ఒక్కొక్కరే వచ్చి ఆమె ఎడమ భుజం మీదుగా తుఫ్ తుఫ్ తుఫ్ అని మూడుసార్లు ఉమ్మినట్టు చేసి వెళ్లారు. రంగం ఎక్కేముందు ఒకరికొకరం తీసుకునే దిష్టి అది. దానికి జవాబుగా థాంక్స్ అనకూడదు. అంటే దిష్టి తిరిగి నెత్తికే చుట్టుకుంటుంది. రంగస్థలం మీద ఈల వెయ్యకూడదన్నట్టే ఇదీ, మొదటి రోజే నేర్చుకునే పాఠం. వీబ్కె మాత్రం ప్రతి ఒక్కరికీ తలూపుతూ, "థాంక్స్, థాంక్స్" అంటూ కూర్చుంది.

"నోరు ముయ్యవే! పద్నాలుగేళ్ల నుంచి ఇక్కడే ఉన్నావు, ఆ మాత్రం తెలీదూ?" అన్నాను.

"అయ్యో, అన్నానా?" అంది. నిజంగానే గమనించలేదు. ఎప్పుడూ ఒక్క మాట జారని మనిషి అలా జారేసరికి, ఆమె చెయ్యి పట్టుకుని క్యాంటీన్ బయటికి లాక్కొచ్చాను.

ఆ తర్వాత ఈ బెంచీ.

"లోపల ఏం అడిగినా ముందు కారణం చెప్పమను," అన్నాను మెల్లగా. "కారణం నీకు సంబంధించినదై ఉండాలి. 'నా అభిరుచి వేరు' లాంటి సొల్లు చెల్లదు. ఉత్తుత్తి కారణమని తేలితే ఈ ఆలకింపే చెల్లదు. మళ్లీ పిలవడానికి వాడికి వ్యవధి లేదు. రేపటితో నెల సరి."

"అతను ఆ మాట అనడు గెర్లిండె. నాకు మాటిచ్చాడు."

"మరి పాట పాడటానికా పిలిచింది?"

"పాత్రల గురించేమో."

ఏమనను? ఆశ ఉన్నవాళ్లతో వాదించడం నాకు చేతకాదు. తలుపు తెరుచుకుంది.

మా అధిపతి డాక్టర్ హెన్నెబెర్గ్ మందులిచ్చే డాక్టరు కాదు, చదువుల డాక్టరు. వచ్చి రెండేళ్లయింది. దుర్మార్గుడని అనలేను. పుట్టినరోజులు గుర్తుపెట్టుకుంటాడు, ఆట పట్టిస్తే నవ్వుతాడు. ఆ రోజు బల్ల వెనక నిటారుగా కూర్చున్నాడు. పక్కన ఫ్రావ్ మ్యోబియస్, ఆయన కార్యదర్శి, జరిగింది రాసుకోవడానికి పెన్ను పట్టుకుని ఉంది.

"రండి ఫ్రావ్ థీసెన్. కూర్చోండి" అన్నాడు.

అక్కడే నాకు అర్థమైపోయింది. మా నాటకశాలలో దీపాలు పట్టే కుర్రాళ్ల దగ్గర్నించి అధిపతి దాకా అందరం 'నువ్వు' అనే పిలుచుకుంటాం. మేకు దిగ్గొట్టేవాడైనా, పట్టాభిషేకం చేసుకునేవాడైనా ఒకటే. ఫ్రావ్ అని శ్రీమతి తగిలించి 'మీరు' అన్నాడంటే మధ్యలో గోడ లేచినట్టే. వీబ్కె కుర్చీ అంచున కూర్చుంది. ఆమె చెవులు ఎర్రబడటం చూశాను.

ఆయన ముందున్న కాగితం చూసి చదివాడు. వచ్చే ఏడాదికి ఒప్పందం పొడిగించే ఉద్దేశం లేదట. కారణం కళకి సంబంధించినదట. "మీరు గొప్ప నటి. అందులో సందేహం లేదు. కానీ తొమ్మిదేళ్లుగా ప్రతి గురువారం మీ మొహం ఈ దేశంలో ప్రతి ఇంట్లోకీ ఎల్కేగా వెళుతోంది. జనం మీలో రాణిని చూడలేకపోతున్నారు. వసంతంలో ఏం జరిగిందో మీకూ గుర్తుంది. అది నటించేవాళ్ల తప్పు కాదు, చూసేవాళ్ల తప్పూ కాదు. కానీ విషాద నాటకం నడుస్తుంటే హాలు నవ్వితే, ఆ నాటకాన్ని నేను నిలబెట్టలేను."

నేను కాలితో వీబ్కె కాలిని తట్టాను. చెప్పవే! దీనికి జవాబు నీ దగ్గరే ఉంది. బల్ల మీద కొడితే బల్ల విరిగే జవాబు.

ఆమె చెప్పలేదు. ఇచ్చిన మాట ఒకటి నోటికి అడ్డం పడింది. రొయ్యల పడవ మనుషులు అంతే, మాటంటే మాటే. కుర్చీ కాస్త ముందుకి జరుపుకుంది. తర్వాత, "ఒకవేళ ఎల్కే లేకపోతే?" అని అడిగింది.

"అర్థం కాలేదు."

"టీవీలో ఎల్కే లేదనుకోండి. అప్పుడు ఏం చేసేవారు?"

"అప్పుడు ఈ మాట వచ్చేదే కాదు. మీరిక్కడే ఉండేవారు. కానీ ఎల్కే ఉంది కదా, ప్రతి గురువారం."

ఫ్రావ్ మ్యోబియస్ అది రాసుకుంది. పెన్ను కాగితం మీద గీసుకునే చప్పుడు నాకు వినపడింది.

వీబ్కె తల ఎత్తింది. ఇన్నేళ్లలో ఆమెని పక్కనుంచీ, ఎదుటనుంచీ, తెర సందుల్లోంచీ చూశాను గానీ అలా చూడటం అదే మొదలు. నటించే మనిషి నటన పక్కన పెడితే మొహం బోసిగా ఉంటుంది, ముక్కుపుడక తీసిన ముక్కులాగా.

"ఎల్కే చచ్చిపోయింది," అంది. "ఈ నెల మొదట్లోనే రేవులో షూటింగ్ అయిపోయింది. నవంబరులో వేస్తారు. ఎవరికీ చెప్పనని మాటిచ్చాను, ఇప్పుడు తప్పుతున్నాను. నేనే అడిగాను నన్ను వదిలెయ్యమని. నన్నెవరూ వెళ్లగొట్టలేదు. దారిలో నన్ను చూసి జనం చేతులు పట్టుకుంటారు, బేకరీలో ముసలమ్మలు నాకు రొట్టె ముందు ఇప్పిస్తారు. అదంతా వదులుకున్నాను. ఎందుకో తెలుసా? మీరే అన్నారు, ఒకటి ఎంచుకోమని. ఇది ఎంచుకున్నాను. ఈ చెక్కల వాసన ఎంచుకున్నాను. ముసలిదాన్నయ్యాక కూడా ఇక్కడే రెండు వాక్యాల దాసి పాత్ర వేసినా చాలనుకున్నాను. నీళ్లలోకి దూకేటప్పుడు ఎంత చలిగా ఉందో! అయినా నవ్వొచ్చింది నాకు. జీవితంలో మొదటిసారి ఎవరూ పిలవకుండా, ఎవరూ తొయ్యకుండా నాకు నేనుగా ఒక పని చేశాననిపించింది."

ఊపిరి తీసుకుంది. "కాబట్టి ఇప్పుడు ఎల్కే లేదు. నేనున్నాను."

నా గుండె ఉప్పొంగిపోయింది. సిగ్గు లేకుండా చెబుతున్నాను, చప్పట్లు కొట్టబోయాను. ఇంకేముంది, అతని కారణం అతని నోటితోనే కొట్టుకుపోయింది. ఇక కాగితం చించెయ్యడమే తరువాయి అనుకున్నాను.

డాక్టర్ హెన్నెబెర్గ్ కళ్లజోడు తీశాడు. కిటికీ వైపు చూశాడు. బయట నదిమీద పొగమంచు ఇంకా విడలేదు.

"తెలుసు," అన్నాడు.

"ఏం తెలుసు?"

"ఎల్కే సంగతి. డీర్క్ చెప్పాడు."

"డీర్కా?" వీబ్కె మొహంలో కోపం రాలేదు, కాస్త తేలికపడ్డట్టు కూడా అనిపించింది. "నా దగ్గర ఒట్టు వేయించుకుని తను చెప్పేశాడా! ఎప్పుడు? షూటింగ్ అయ్యాకా?"

"కాదు. జూలైలో."

అనేశాక తెలిసింది ఆయనకి, ఏమన్నాడో. కళ్లజోడు మళ్లీ పెట్టుకున్నాడు. మళ్లీ తీశాడు.

"జూలైలో ఎలా చెబుతాడు?" అంది వీబ్కె. చిన్నపిల్లకి లెక్క తప్పితే అడిగినట్టు అడిగింది. "నేను అడిగింది సెప్టెంబరులో. జూలైలో నాకే తెలీదు నేను మానేస్తానని."

ఫ్రావ్ మ్యోబియస్ పెన్ను ఆగిపోయింది.

"వీబ్కె," అన్నాడాయన. 'మీరు' ఎగిరిపోయింది. "నీకు తెలుసనుకున్నాను. దేవుడి మీద ఒట్టు, వాడు నీకు ఆ తర్వాతైనా చెప్పి ఉంటాడనుకున్నాను."

"ఏం చెప్పాలి?"

"ఛానల్ వాళ్లు వేసవిలోనే నిర్ణయించేశారు. కెప్టెన్‌కి చిన్న వయసు పెళ్లాన్ని తెద్దామని. కొత్త పిల్లని ఎంచుకోవడం కూడా అయిపోయింది. డీర్క్ నాతో భోజనానికి వచ్చి చెప్పాడు. వీబ్కెని పంపించేయాలి, ఎలా చెప్పాలో తెలియట్లేదు, నువ్వైనా నాటకశాలలో దాన్ని గట్టిగా పట్టుకో, లేకపోతే అటూ ఇటూ కాకుండా పోతుంది అని నాతో అన్నాడు. పాపం, నీ మేలు కోరే చెప్పాడు."

"తర్వాత నేనే వెళ్లి అడిగాను," అంది వీబ్కె.

"అడిగావు."

"అప్పుడు వాడు ఏడ్చాడు. వద్దు వద్దని నా చేతులు పట్టుకున్నాడు. మూడు రోజులు ఆలోచించుకోమన్నాడు." గొంతులో ఏ మార్పూ లేదు. "నేను వాణ్ణి ఓదార్చాను, గెర్లిండె. కాఫీ కలిపిచ్చాను. ఈ వయసొచ్చేదాకా నటనతోనే బతికాను. ఎదురుగా కూర్చుని ఒకడు నటిస్తుంటే తెలుసుకోలేకపోయాను."

రెంటికీ చెడ్డ రేవడి అని మన పెద్దవాళ్లు ఊరికే అనలేదు. కానీ అక్కడ తగిలిన దెబ్బ అది కాదు. టీవీ పోయింది, నాటకశాల పోతోంది. అవి పోతే మనిషి ఎలాగో బతుకుతుంది. 'నేను వదులుకున్నాను' అన్న ఒక్క మాట మీద ఆమె ఈ నెలంతా తల ఎత్తుకుని తిరిగింది. చలినీళ్లలో దూకింది. ఇప్పుడు ఆ మాట కూడా ఆమెది కాకుండా పోయింది. వదులుకోవడానికి ఆమె చేతిలో అప్పటికే ఏమీ లేదు.

నాలోని గయ్యాళి మెల్లగా నిద్ర లేచింది.

"డాక్టర్," అన్నాను, "ఒక చిన్న సందేహం. జూలై నుంచీ మీకు తెలుసు ఎల్కే ఉండదని. మరి ఇందాక ఎల్కే ఉంది కాబట్టి వీబ్కె వద్దన్నారు. ప్రతి గురువారం అన్నారు. ఫ్రావ్ మ్యోబియస్ రాసుకుంది కూడా. అసలు కారణం ఏంటి?"

"గెర్లిండె, ఇది నీకు..."

"బస్సులా?"

ఆయన మొహం కందిపోయింది. వసంతం నుంచీ మా ఊరికి బస్సులు వేసుకుని వస్తున్నారు జనం, ఎల్కేని కళ్లారా చూడటానికి. పల్లెటూళ్ల మహిళా సంఘాలు, పింఛనుదార్లు. హాలు నిండేది వాళ్లతోనే. రాణి కోసం వచ్చేవాళ్లు ముందు నాలుగు వరసలు. ఎల్కే పోతే బస్సులు రావు. ఎల్కే ఉందని ఇంతకాలం ఆమెని ఉంచుకున్నాడు, ఎల్కే పోతోందని ఇప్పుడు పంపుతున్నాడు, కాగితం మీద మాత్రం దాన్ని తలకిందులుగా పెట్టాడు.

"నగర సభ నా పీక మీద కత్తి పెట్టింది," అన్నాడు మెల్లగా. "హాలు నిండాలంటారు. వీబ్కెకి పదిహేను నిండితే ఇంకో ఇద్దరు కుర్రవాళ్లని తీసుకునే దారి మూసుకుపోతుంది. నా చోట ఉంటే నువ్వేం చేస్తావు?"

"నిజం చెబుతాను."

"నిజం చెబితే చట్టం ఒప్పుకోదు," అన్నాడు. పాపం, అదీ నిజమే.

బయట గదిలో ఫోను మోగింది. బతికిపోయాననుకున్నాడేమో, లేచి వెళ్లాడు. ఫ్రావ్ మ్యోబియస్ కూడా కళ్లు తుడుచుకుంటూ ఆయన వెనకే వెళ్లి తలుపు దగ్గరికి వేసింది. ఆవిడ గురువారం ఒక్క భాగం కూడా వదలదని నాకు తెలుసు.

"గెలిచాం!" అన్నాను వీబ్కె చెయ్యి పట్టుకుని. "వినవే బంగారూ, గెలిచాం. చివర్లో నన్ను అడగాలి, ప్రతినిధి చెప్పేదేమైనా ఉందా అని. నేను చెప్పింది అక్షరం పొల్లుపోకుండా రాసుకోవాలి. జూలైలోనే తెలుసని ఆయనే ఒప్పుకున్నాడని రాయిస్తాను. కారణం బూటకమని తేలిపోతుంది. రేపటితో గడువు సరి. మన రంగస్థల న్యాయస్థానంలో ఒక్క రోజు నిలబడదు ఇది. నీకు పదిహేను నిండుతుంది."

"అక్కడ చదువుతారా?"

"ఏది?"

"నువ్వు రాయించేది. అందరి ముందూ పైకి చదువుతారా?"

"చదువుతారు. దాచేదేముంది అందులో?"

"డీర్క్‌ని పిలుస్తారు. ఛానల్ వాళ్లని పిలుస్తారు. పత్రికల వాళ్లు వస్తారు." కిటికీ దగ్గరికి నడిచింది. "థీసెన్ టీవీ వదిలి నాటకానికి వచ్చిందని రేపు అందరూ అనుకోవాల్సింది. దాని బదులు థీసెన్‌ని ముందే తీసేశారు, పాపం ఆవిడకే తెలీదు, వెళ్లి బతిమాలి మరీ వదిలించుకుందట అంటారు. క్యాంటీన్లో అంటారు. బేకరీలో అంటారు. నేను మెట్లు దిగుతుంటే బాల్కనీలో అంటారు. అప్పుడు కేకేసింది ఒక్కడే, గెర్లిండె."

"నాలుగు రోజులు నవ్వుతారు. తర్వాత మర్చిపోతారు. చోటు మాత్రం నీకుంటుంది."

"నేను మర్చిపోనుగా."

"పొగరు అన్నం పెట్టదే! వచ్చే ఏడాది ఎక్కడుంటావు? ఎవడిస్తాడు నీకు పాత్ర? ఎంతమందిని చూశావు, పెట్టె పట్టుకుని రైళ్లెక్కి తిరిగి తిరిగి చివరికి పిల్లల నాటకాల్లో ముసలి మంత్రగత్తెలు వేసుకున్నవాళ్లని? ఇలాగే పద్నాలుగో ఏట పంపేసిన మన మార్గోట్‌ని మర్చిపోయావా? స్టేషన్లో మనమే కదా సాగనంపాం."

"గుర్తుంది." ఆమె నా వైపు తిరిగింది. "మార్గోట్‌ని చూసి మనం జాలిపడ్డాం. నవ్వలేదు."

దగ్గరికి వచ్చి నా చెయ్యి గట్టిగా పట్టుకుంది. చల్లగా ఉంది ఆ చెయ్యి. "నాకు చోటు కావాలి. చచ్చేంత కావాలి. కానీ దానికోసం ఇది ఇవ్వలేను. ఇంతకాలంలో నేను నా అంతట చేసిన పని ఇదొక్కటే. అది ఉత్తదే అని నీకు తెలుసు, నాకు తెలుసు, ఆయనకి తెలుసు. అక్కడితో ఆగనీ. బయటి వాళ్లకి నేను వదిలేసి వెళ్లినదాన్నిగానే ఉండనీ. రాయించకు. ఒట్టు వెయ్యి."

నేను వెయ్యలేదు. వేస్తే నిలబెట్టుకోవాలి.

"గెర్లిండె!"

తలుపు తెరుచుకుంది. డాక్టర్ హెన్నెబెర్గ్ వచ్చి కూర్చున్నాడు. మొహం కడుక్కున్నట్టుంది, జుట్టు అంచులు తడిగా ఉన్నాయి. ఫ్రావ్ మ్యోబియస్ కొత్త కాగితం తీసింది. మళ్లీ 'మీరు' మొదలైంది.

"ఫ్రావ్ థీసెన్, మీ తరఫున చెప్పుకోవాల్సింది ఏమైనా ఉందా?"

"లేదు," అంది వీబ్కె. నిటారుగా నిలబడింది. "మీరు చెప్పిన కారణం విన్నాను. ఇంకేం లేదు."

ఆయన ఊపిరి వదిలాడు. అంత దూరం నుంచి నాకు వినపడింది. కాగితాలు సర్దుతూ, మొక్కుబడిగా నా వైపు చూశాడు. "నటుల ప్రతినిధి చెప్పేదేమైనా ఉందా?"

నేను లేచాను. వీబ్కె నా వైపు చూడట్లేదు, ఎదురు గోడనే చూస్తోంది. నాకు స్టేషన్లో మార్గోట్ చెయ్యూపుతున్నట్టే ఉంది. ఆ పక్కన వీబ్కె పెట్టె. నా నాలుక మీద ఉన్న మాట చెబితే ఆమె ఈ ఇంట్లో ఉంటుంది. నాతో మాట్లాడకపోవచ్చు, జన్మంతా మాట్లాడకపోవచ్చు. కానీ ఉంటుంది.

"ఉంది," అన్నాను.

అప్పుడు తిరిగింది వీబ్కె. కోపంగా చూస్తుందనుకున్నాను. అలా చూసినా నయమే.

"నువ్వు కూడానా, గెర్లిండె?" అంది మెల్లగా. "నువ్వూ నా మేలు కోరేనా?"

ఫ్రావ్ మ్యోబియస్ వైపు తిరిగి, "రాసుకోండి," అన్నాను.